తారుగుంత

జిల్లాలు విడిపోకముందు మాట.
బేతంచెర్ల దాటినాక బనగానపల్లె దోవలో
బండలు తీసి వదిలేసిన గనిగుంత పక్కన
ముప్పై ఆరు తారు డ్రమ్ములు దించి పోయినాడు కాంట్రాక్టరు.
బిల్లు రాలేదన్నాడు.
మా నాయన కూలీ కూడా
ఆ రాని బిల్లులోనే ఉండిపాయ.

కావలికి ఆయన్నే పెట్టినారు, బాలచౌడప్పని.
తారు కాచేటోడు కదా, తారునే కాయమన్నారు.
నెలకింత అన్నారు. ఎంతో చెప్పలా.

ఎండలు ముదిరినాయి.
మిట్టమధ్యాహ్నం డ్రమ్ములు కడుపులు ఉబ్బించుకుని
టప్పుటప్పుమని మాట్లాడేవి.
ఒకదాని అతుకు ఊడింది. మర్నాడు ఇంకోటి.
నలుపుకు తొందర లేదు.
బండ మీంచి జారి జారి
గుంత అడుగంతా అలికేసింది.

అప్పుడు ఒకే ఒక్క వాన.
తారు మీద జానెడు నీళ్ళు నిలిచినాయి.
ఆకాశం అందులో ఎంత తేటగా కనపడిందంటే
మా అమ్మ సుంకులమ్మ బిందెతో రెండడుగులు దిగేసింది.
నాయన జబ్బ పట్టి లాగినాడు.
కుడికాలి మెట్టె లోపలే ఉండిపోయింది.

జీవాల్లో మొదట తొండ.
తర్వాత రెండు గువ్వలు.
గువ్వల కోసం జెర్రిపోతు.
జెర్రిపోతు కోసం గద్ద. ఒక రెక్క పైకెత్తి
రెండు దినాలు ఎవర్నో పిలుస్తున్నట్టే ఉంది.
నాయన శెనక్కాయ నూనె గుడ్డకద్ది
ఈకా ఈకా తుడిచినాడు.
"నూనె గిన్నెలో ఎంతుందో చూసినావా?" అంది అమ్మ.
"చూసినాలే."
గద్ద బతకలా.
మాసుంబి మేకపిల్ల బతికింది.
నాలుగు కాళ్ళకీ నల్ల మేజోళ్ళతో
ఆ యేడంతా ఊరు తిరిగింది.

ఆ నెలలోనే బిళ్ళసర్గం గవుల్లో
మట్టి జల్లెడ పట్టేదానికి వచ్చినారు కొందరు.
వాళ్ళలో కళ్ళద్దాల ఆయమ్మ నీళ్ళకని వచ్చి
గుంత చూసి కూలబడిపోయింది.
శానా దూరదేశాల్లో భూమే తారు కక్కుతుందంట,
ఏ కాంట్రాక్టరూ లేకుండానే.
వేలవేల యేండ్ల కింద నీళ్ళనుకుని దిగిన ఏనుగులు,
ఏనుగు అరుపు విని వచ్చిన తోడేళ్ళు,
కత్తుల్లాంటి కోరల పులులు,
ఎముక గోధుమరంగు తిరిగి
నిన్న దిగినట్టే దొరుకుతాయంట.
అక్కడి పాతకాలం మనుషులు ఆ తారుతోనే
పడవ సందులు పూడ్చుకున్నారంట,
గంపలకు పూసి నీళ్ళు మోసినారంట.

నాయన బీడీ ఆర్పి
"మావోళ్ళూ అంతేనమ్మా" అన్నాడు.
సంగమేశ్వరం కాడ పుట్టి అడుక్కి ఇదే.
కారే రేకులకు ఇదే.
గిట్ట పగిలిన ఎద్దుకు ఇదే.
"అది మనల్ని పట్టుకుంటేనే కష్టం."

కొంచేపాగి అడిగినాడు:
"ఆ తోడేళ్ళు, ముందు దిగినవాటి గతి చూస్తా చూస్తానే దిగినాయా?"
"దిగినాయి."
"ఒక్కటన్నా ఎనక్కి పోలేదా?"
పోయినవి మాకు దొరకవు కదా, అంది ఆయమ్మ.
నాయన డ్రమ్ముల దిక్కు చూసినాడు.
కావలి జీతం అప్పటికి నాలుగు నెలలు రావాల.
ఇంకో రెండు నెలలు కాసినాడు.

ఇప్పుడా గుంత పాలిషు పొడి కింద ఉంది,
ఫ్యాక్టరీలోళ్ళు ట్రాక్టర్లతో తెచ్చి పోసిన తెల్లపొడి.
నాయన్ని కడిగినప్పుడు
కిరసనాయిలు పెట్టినా మడమ పగుళ్ళలో నలుపు పోలా.
అట్లే మట్టిలో పెట్టినాం.

జల్లెడవాళ్ళు మళ్ళీ ఎప్పుడొస్తారో.
వస్తే తొండ ఉంటుంది, గద్ద ఎత్తిన రెక్క ఉంటుంది.
మూడు చుక్కల వెండి మెట్టె ఉంటుంది.
నీళ్ళ కోసం వచ్చిన ఆడది అని రాసుకుంటారేమో.
అది నిజమే.
కాంట్రాక్టరు ఎముక ఒక్కటీ దొరకదు.

బస్సు ఆ మలుపు తిరిగినప్పుడల్లా
అమ్మ కుడికాలు కొంచెం వెనక్కి లాక్కుంటుంది.